పెట్టె వైపు తిరిగి

ప్రియమైన ఇల్లాలికి,

ప్రభువు కృప నీకు తోడుండాలి. నువ్వు మీ చెల్లెలింటికి వెళ్ళి వారం దాటింది. "అరవై దాటాక మొహానికి రంగేసుకుంటారా? వేసుకోడానికి మీకు ఆ వేషమే దొరికిందా?" అని గుమ్మంలో నువ్వన్న మాట కత్తెరలా నన్ను అడ్డంగా కోసింది.

నేను నాటకాల పిచ్చితో వెళ్ళలేదు. నాటకం వాళ్ళ దుస్తులకు కొలతలు తీసుకోవడానికి వెళ్ళి, ఊరుకోలేక, అద్దాల ముందు కూర్చున్న వాళ్ళందరినీ రాబోయే దేవుని ఉగ్రత గురించి చెప్పి ఉతికి ఆరేశాను. నాటకం ఆడించే అమ్మాయి చేతులు కట్టుకుని అంతా విని, "తాతగారూ, ఈ గొంతు నాకు కావాలి" అంది. బిడ్డ పోయిన తండ్రి వేషం. సమాధి దగ్గర వాడు దేవుణ్ణి నిలదీస్తాడు, తిడతాడు.

సంఘ పెద్దలు నిన్న షాపుకొచ్చారు. శనివారం ఆ మాటలు నోట పలికితే ఆదివారం నుంచి ప్రసంగ వేదిక ఎక్కొద్దన్నారు. సర్వం పోగొట్టుకున్న భక్తుడు బూడిదలో కూర్చుని తను పుట్టిన రోజునే శపిస్తే పరిశుద్ధ గ్రంథం ఆ మాటలు కొట్టెయ్యలేదు, కొట్టెయ్యడానికి మీరెవరని అడిగాను. ఈ నాటకం చూసి ఒక్క పాపి మారినా చాలు. అందుకే వేస్తున్నాను. నువ్వు రా. రాకపోయినా వేస్తాను.

ప్రభువు సేవలో,
నీ భర్త

*

బుజ్జిగాడి అమ్మకి,

పోయిన ఉత్తరంలో పాపులూ గీపులూ అని రాశాను. అది కాదు సంగతి.

రిహార్సల్లో రోజూ ఒకటే తప్పు చేస్తూ వచ్చాను. పిల్లాడి శవపెట్టె ముందు నిలబడగానే నా కాళ్ళు వాటంతటవే జనం వైపు తిరిగేవి, చెయ్యి పైకి లేచేది. తోటి వేషగాళ్ళు "ఆమెన్" అని నవ్వేవాళ్ళు. ఆ అమ్మాయి మాత్రం నవ్వకుండా, "తాతగారూ, మీరు మాతో మాట్లాడుతున్నారు. పిల్లాడితో మాట్లాడరేం?" అంది.

మన బుజ్జిగాణ్ణి పూడ్చిన రోజు ప్రసంగం చేసింది నేనే కదా. ఏం విశ్వాసం, ఏం విశ్వాసం అని అందరూ మెచ్చుకున్నారు. నువ్వొక్కదానివే పెట్టె పట్టుకుని కూర్చున్నావు. నేను వాడి వైపు తిరగలేదు. తిరిగితే నా నోట ఏమొస్తుందో నాకు తెలుసు.

శనివారం పెద్దలు ముందు వరసలో కూర్చున్నారు. నేను జనానికి వీపు పెట్టాను. ఖాళీ పెట్టె మీద చెయ్యి వేసి, నాటకంలో మాటలు కొన్ని, నావి కొన్ని, దేవుణ్ణి అడగకూడనివన్నీ అడిగాను. వెనక కుర్చీలు జరిగాయి, పెద్దల చెప్పుల చప్పుడు తలుపు దాకా వెళ్ళింది. పిడుగు పడుతుందనుకున్నాను. పడలేదు. పిల్లాడు పిడికిళ్ళతో గుండెల మీద గుద్దుతుంటే తండ్రి ఎలా ఊరుకుంటాడో అలా ఊరుకున్నాడాయన. ఇన్నేళ్ళు గొంతు చించుకుని స్తుతించినా ఏనాడూ అంత దగ్గరగా లేడు.

ఇక వేదిక మీద నాకు చోటు లేదని ఈ పొద్దున కబురొచ్చింది. వచ్చే ఆదివారం కింద బెంచీ మీద కూర్చుంటాను. మందిరంలో నీ పక్కన నేనెప్పుడూ కూర్చోలేదు. నువ్వొస్తే, కాస్త జరిగి చోటివ్వు.

బుజ్జిగాడి నాన్న