వెళ్ళిరా అన్న నలభై అంగీలు

మగ్గాల షెడ్డు, రెండో వరుస
శుక్రవారం, మధ్యాహ్నం గంట కొట్టాక

గౌరవనీయులైన అల్లుడు గారికీ, బట్టల తనిఖీ అధికారి గారికీ (ఇద్దరూ మీరే కనక ఒక్క ఉత్తరంతో సరిపెడుతున్నాను), మీ అత్తగారు దీవించి చెప్పిస్తున్నది. ఇక్కడ నేను బాగానే ఉన్నాను. మీరూ, మా అమ్మాయీ చల్లగా ఉన్నారని తలుస్తాను. అమ్మాయి మోకాలి నొప్పి తగ్గిందో లేదో నాకెవరూ చెప్పరు. ఊరికే మెట్లు ఎక్కొద్దని నా మాటగా చెప్పండి.

ఇది రాస్తున్నది మన షెడ్డులో గంట కొట్టే ఆయన. నాకు అక్షరం ముక్క రాదని మీకు తెలుసు. ఆయనకేమో అక్షరాలు మరీ ఎక్కువయ్యాయి. నేను ఒకటి చెబితే 'సవినయంగా విన్నవించుకుంటున్నాను' అని రాయబోయాడు. వినయం సంగతి నేను చూసుకుంటాను, నువ్వు నా నోట్లోంచి ఊడిపడింది రాయి చాలు అని కసిరాను. ఇప్పుడు దారికొచ్చాడు.

సంగతేమిటంటే, నేను నేసిన నలభై మబ్బు అంగీలనూ సోమవారం విప్పి పోగులు చేసెయ్యమని మీరు సంతకం పెట్టారట. నన్ను మగ్గం మీంచి దింపి, కండెలు చుట్టే బల్ల దగ్గర కూర్చోబెట్టమని కూడా రాశారట. మీ కాగితం చదివి వినిపించిన మేస్త్రీ నా మొహం చూడలేక గోడకేసి చూస్తూ చదివాడు. ఏడు నెలల పని అది. నా వాదన పూర్తిగా విన్నాకే కత్తెర తియ్యండి.

మీ ఆఫీసువాళ్ళు ఆ గుడ్డని శ్రవణాంబరం అంటారు. మేం చెవిబట్ట అంటాం. పడుగులో వెంట్రుక కన్నా సన్నని తీగ, పేకలో మెత్తని దారం, మగ్గం కింద డబ్బాలోంచి కాస్త కరెంటు. పేక దారాన్ని అటూ ఇటూ మోసే నాడె విసిరిన ప్రతిసారీ నేసేవాళ్ళు ఒక మాట చెప్పాలి. బట్ట ఆ మాటని ఒంటబట్టించుకుంటుంది. తొడుక్కున్నవాళ్ళు మెడ దగ్గర బొత్తాం నొక్కితే, విన్న మాట చేసి చూపిస్తుంది. మబ్బులు పట్టేవాళ్ళ అంగీకి మీరిచ్చిన మాట 'వెళ్ళు'. అది మనిషిని మబ్బు మీద దింపుతుంది. ఆయన మబ్బుకి తాడు ముడివేసి కొస కిందికి వదిలితే, కిందివాళ్ళు దాన్ని ఎండిన పొలాల మీదికి లాక్కుపోతారు. పైనున్నాయన తనని కిందికి దింపే గాలిపడవ ఎప్పుడొస్తుందా అని అక్కడే కూర్చుంటాడు.

ఆ 'వెళ్ళు' దగ్గరే వచ్చింది చిక్కు. నాకు నోరు తిరగలేదు. బయల్దేరుతున్న మనిషిని ఉత్త 'వెళ్ళు' అని ఎలా అంటాం? పాలు పోసే పిల్లకైనా 'వెళ్ళిరా' అనే అంటాను. అంతెందుకు, మీరు అలిగి భోజనం మధ్యలో లేచి చెప్పులు తొడుక్కున్న రోజున, లోపల ఎంత మండుతున్నా 'వెళ్ళిరండి' అనే అన్నాను. గుర్తు తెచ్చుకోండి.

మొదటి రోజు మేస్త్రీ చెప్పిన మాటే చెబుతున్నాననుకున్నాను. పక్క మగ్గం ఆవిడ కిసుక్కున నవ్వి, ఏం వదినా, బట్టని సాగనంపుతున్నావా అంది. అప్పటికి సగం అంగీ అయిపోయింది. చెయ్యి నాడె విసిరితే చాలు, నోరు తనంతట తనే 'వెళ్ళిరా' అంటోంది. బలవంతాన 'వెళ్ళు' అని చూశాను. చెయ్యి తడబడి మూడు పోగులు తెగాయి. ఇక నా నోటినీ చేతినీ విడదీయడం నావల్ల కాదని, నలభైనీ అలాగే నేశాను. తప్పు ఒప్పుకుంటున్నాను. క్షమాపణ కూడా అడుగు అంటున్నాడు గంట ఆయన. అడగను.

మీ పరీక్ష సంగతి షెడ్డంతా చెప్పుకుని నవ్వుతోంది. మీ లావుపాటి పరీక్షకుడు అంగీ తొడిగి బొత్తాం నొక్కాడట. కిటికీలోంచి మబ్బు దాకా వెళ్ళాడు, దాన్ని ముట్టుకోకముందే తిరిగొచ్చి మీ బల్ల ముందు పడ్డాడు. ఆరుసార్లు. ఆరోసారి మీ ఒళ్ళోనే కూర్చున్నాడట. ఈ బట్టకి మతి లేదు అన్నారట మీరు. ఉంది బాబూ, చెప్పింది చెప్పినట్టు చేసింది. వెళ్ళింది, వచ్చింది.

లోపం ఆయన చేతుల్లో ఉంది. భయపడి రెండు చేతులూ కోడిరెక్కల్లా కొట్టుకున్నాడు. అంగీ అంచు ఎడమ పిడికిట్లో పట్టుకుంటే అది అక్కడే ఆగుతుంది. కుడిచేత్తో, పంటితో ముడి వేసుకోవచ్చు. పని అయ్యాక పిడికిలి వదిలితే, బయల్దేరిన మెట్టు మీదికే తెచ్చి దింపుతుంది.

ఇప్పుడు మీ మంచి అంగీల మాట. 'వెళ్ళు' అని నేర్చినవి వెళ్తాయి, సరే. తర్వాత? పోయినేడు గాలిపడవ దారి తప్పితే తొమ్మిదిమంది రెండు రోజులు మబ్బు మీదే ఉండిపోయారు. మబ్బు తరిగేకొద్దీ ఒకరి ఒళ్ళో ఒకరు సర్దుకున్నారు. అందులో ఒకాయనకి ఇప్పటికీ తుమ్ములు ఆగలేదు, పెళ్ళాం వసారాలో పడుకోమంటోందట. నా అంగీ అయితే ఎండ ఉండగానే అందరూ ఇళ్ళకి చేరేవారు.

కనక అంగీలని విప్పొద్దు. అంచు పట్టుకోమని చెప్పి సోమవారం ఒక్కదాన్ని మళ్ళీ పరీక్షించండి. అది తప్పితే నేనే కత్తెర పట్టి నలభైనీ విప్పుతాను, కండెల బల్ల దగ్గర నోరెత్తకుండా కూర్చుంటాను. నోరెత్తకుండా అన్నది గంట ఆయన నమ్మలేదు, అయినా రాశాడు.

దీవెనలతో,
మీ అత్తగారు
(వేలిముద్ర)

మరో ముక్క: మడిచిన ఉత్తరాన్ని మళ్ళీ విప్పించాను. జన్మలో నేల వదలని ముసలిదానికి అంచు కిటుకు ఎలా తెలిసిందని అల్లుడు గారు అడగరా అన్నాడు గంట ఆయన. అడుగుతారు. అందుకని నిజం చెప్పేస్తున్నాను. మీ కూతురు, మన పిడుగు, బొమ్మలు గీసే క్లాసుకి వెళ్ళడం లేదు. పడవ రాకపోతే ఎలా అని మీరు వద్దన్న ఆ మబ్బుల పనిలోనే చేరింది. ఆ భయం నాకూ ఉంది. మిగులు దారంతో నలభై ఒకటో అంగీ నేశాను. అది మాత్రం నోరు జారి కాదు, తెలిసి తెలిసి, ప్రతి పోగుకీ 'వెళ్ళిరా' అని గట్టిగా చెప్పి నేశాను. మొదటిసారి హడలిపోయి అంచు పట్టుకుని వేలాడి, ఆ కిటుకు కనిపెట్టింది అదే. పదకొండుసార్లు వెళ్ళింది, పదకొండుసార్లూ మా మెట్ల మీద దిగింది. మొన్న మంగళవారం మీ వీధిలో వాన పడితే మీరు గొడుగు మూసి చిన్నపిల్లాడిలా తడిశారట కదా. ఆ మబ్బుకి ముడి వేసింది మీ కూతురే. సోమవారం పరీక్షకి అదే వస్తానంటోంది. మీకెంత కోపం వచ్చినా దిగాక తిట్టండి. పైన ఉండగా అరిస్తే అదిరిపడి అంచు వదిలేస్తుంది, సగం ముడి పడిన మబ్బు మీ ఆఫీసు మీదే కుమ్మరిస్తుంది.