అంకెలకు మాటలు

తూరిన్, మే 1968

ప్రియమైన పిన్నికి,

నేను రాసిన మాటలు సినిమాలో ఉంటున్నాయి!

మా దర్శకుడు తాంక్రేది చిత్రీకరణలో నటులచేత మాటలకు బదులు ఒకటి, రెండు అంటూ అంకెలే చెప్పిస్తాడు. ఆ పెదవులకు సరిపడే మాటలు తర్వాత నేను రాయాలి. "కుదరకపోతే సినిమా మూగది, నువ్వు ఇంటికి, సిస్టరమ్మా!" అని, కాన్వెంటులో పెరిగినదాన్నని వెక్కిరించాడు.

ఇవాళ భార్యాభర్తలు పోట్లాడుకునే సన్నివేశానికి డబ్బింగ్. సంతలో జున్ను అమ్మే పల్మీరా భార్య వేషం వేసింది. మైకు ముందు నా వాక్యం చదివింది: "తిన్నావా అని నన్నెప్పుడైనా అడిగావా?" పెదవులకు అతికినట్టు సరిపోయింది.

"ఇది మా ఇంటి సంగతి! నీకెవరు చెప్పారే పిల్లా?" అంది. తాంక్రేది వెంటనే టైటిల్స్‌లో నా పేరు రాయించాడు.

ఆ మాట నీదే, పిన్నీ. ఈస్టర్ నాడు వంటింట్లో నువ్వు గొణుక్కుంటుంటే విన్నాను. దాన్ని సినిమాలో ఉండనివ్వు. శనివారం ప్రదర్శనకు రా. బాబాయిని కూడా తీసుకురా.

నీ అక్క కూతురు