అమ్మ గడి

మార్చి 14, శుక్రవారం

చిరంజీవి చిట్టికి,

నాన్న దీవెనలు. ఇక్కడ క్షేమం. మీ అమ్మ పోయాక ఈ నాలుగు నెలల్లో ఏ ఉత్తరంలోనూ ఆ మాట రాయలేకపోయాను. ఇవాళ రాశాను. నువ్వు అడగబోయేదానికి కూడా జవాబు: భోంచేశాను. అన్నం కాస్త అడుగంటింది.

సరిచేసిన తెగ ధ్రువపత్రం ఇందులో పెట్టాను. గడువు ఈ నెలాఖరు. అందిన రోజే మీ నర్సింగ్ కాలేజీ ఆఫీసులో ఇచ్చెయ్యి. ఇక నీ సీటు ఎవరూ కదపలేరు.

నీకు తెలిసిందే, మన తెగలో వంశం తల్లివైపు నుంచే లెక్క. ఆ పత్రంలో నాన్నలకు గడి లేదు. ఉన్నవి మూడే: అమ్మమ్మ, అమ్మ, బిడ్డ. ముత్యాల్లాంటి అక్షరాలతో నేను నింపి ఇచ్చిన దరఖాస్తును ఆ పత్రాలిచ్చే ఆఫీసువాళ్ళు తారుమారు చేసి, అమ్మ గడిలో అమ్మమ్మనీ, అమ్మమ్మ గడిలో అమ్మనీ ఎక్కించారు. మీ అమ్మ పడీపడీ నవ్వింది. మా అమ్మని నేనే కన్నానట, ఇకనైనా ఆవిడ నా మాట వింటుందేమో, అంది. నాకు మాత్రం ఒళ్ళు మండింది. తల్లి పేరు కలవడం లేదని కాలేజీవాళ్ళు నీ ప్రవేశానికి మెలిక పెట్టాక మరీను.

అక్కడి కళ్ళజోడు గుమాస్తాకు నత్తగారని పేరు పెట్టింది నేనే. చదువు రానివాడికి కుర్చీ ఇస్తే ఇంతే అని ఓసారి ఆయన మొహం మీదే అన్నాను. ఆయన తల వంచుకుని కాగితాలు సర్దుకున్నాడు. మీ అమ్మ నా చొక్కా పట్టి లాగింది. ఆ తర్వాత నన్ను రానివ్వలేదు. మీరొస్తే పని కాదు, కయ్యమవుతుంది, ఇంట్లో కూర్చోండి అని తనే తిరిగింది. ఏడుసార్లు. చివరి రెండుసార్లు మెట్లమీద కూర్చుని ఆయాసం తీర్చుకుందట. నిన్న వాచ్‌మన్ చెప్పాడు. నాకు తను చెప్పలేదు.

పేర్లు సరిచేయమని మీ అమ్మ పెట్టిన అర్జీ మీద నిన్న విచారణ. పిలుపు మీ అమ్మ పేరు మీదే వచ్చింది. గుమాస్తా నన్ను చూసి, అమ్మగారు రాలేదా సార్, అన్నాడు. ఇన్నాళ్ళూ బీరువాలో ఆమె బట్టల కింద ఉంచిన మరణ ధ్రువపత్రం ఆయన బల్లమీద, సీళ్ళ డబ్బా పక్కన పెట్టాను. చదివి లేచి నిలబడ్డాడు. చాలాసేపు కూర్చోలేదు.

కొత్త పత్రంలో ఆమె పేరు ముందు కీర్తిశేషులు అని రాయాలా అని అడిగాను. అక్కర్లేదు సార్, అర్జీ పెట్టినప్పుడు ఆవిడ ఉన్నారు కదా, ఉన్నట్టే రాస్తాం, అన్నాడు.

ఉన్నట్టే రాశారు. పైన అమ్మమ్మ, మధ్యలో అమ్మ, కింద నువ్వు. మధ్య గడి మీద మడత పడకుండా మడిచాను. నువ్వూ అలాగే మడువు.

వేళకు తిను. నా మాట వినకపోతే, మీ అమ్మ చెప్పిందనుకో.

నీ
నాన్న

తా.క. అంటించిన కవరు మళ్ళీ విప్పాను. పైన తప్పు ఆఫీసువాళ్ళదని రాశాను. ఏడాదిగా అంటున్న మాట, అలవాటుగా వచ్చేసింది. అది నిజం కాదు. నిన్న గుమాస్తా సీలు వేయించడానికి పక్క గదికి వెళ్ళినప్పుడు ఫైలు నా ముందే తెరిచి ఉంది. నా దరఖాస్తు చూశాను. మన పెద్దలు వంశం చెప్పేటప్పుడు అమ్మమ్మతో మొదలుపెడతారు. ఆ ఫారమూ అంతే. అమ్మానాన్నల పేర్లే ముందుండే బయటి ఫారాలు నింపిన అలవాటుతో, చదువుకున్నవాణ్ణి, గడిమీద ఏముందో చదవకుండా పైన అమ్మనీ కింద అమ్మమ్మనీ రాసింది నేనే. అవే ముత్యాల్లాంటి అక్షరాలు. దాని వెనక మీ అమ్మ అర్జీ. దరఖాస్తు నేనే నింపాను, పొరపాటు నాదే, మన్నించగలరు అని రాసి, కింద వంకరగా సంతకం.

గుమాస్తా తిరిగొచ్చి నేను చూస్తున్నది చూశాడు. ఆవిడ మొదటిరోజే, మీరు నన్ను తిట్టకముందే కనిపెట్టారు సార్, మా ఆయనకి తెలిస్తే చిన్నబోతారు, ఆ తిట్లేవో మీరే పడండి అన్నయ్యగారూ అన్నారు, పడ్డాను, అన్నాడు. ఆయన చేతులు పట్టుకున్నాను.

ఆ ఫైల్లో ఇప్పుడు మిగిలిన తప్పు మీ అమ్మ అర్జీ ఒక్కటే. దాన్ని దిద్దమని నేను అడగలేదు.