ఓడ ఎక్కనన్న భార్య

శనివారం రాత్రి, బ్రెమెన్

యూనివర్సిటీలో మా నాటకం బాగా పండింది. మధ్యయుగపు ఇంగ్లండ్‌లో ఓడలు కట్టే పనివాళ్ళే బండి మీద వీధివీధికీ తిరిగి ఆడిన బైబిల్ జలప్రళయం కథ. భార్యకు ఒక్క మాటైనా చెప్పకుండా మొగుడు ఏళ్ళ తరబడి ఓడ కడతాడు. ఎక్కనని మొండికేసే ఆ భార్య వేషం నాది. జనం తెగ నవ్వారు.

తిరిగొస్తుంటే ట్రామ్‌లో మా ఆయన శ్రీకాంత్ మెల్లగా చెప్పాడు.

"మ్యూనిక్ ఆఫర్‌కి సైన్ చేసిన. ఇల్లు గూడ మాట్లాడిన. వస్తవ్ గదా?"

నా ఉద్యోగం ఇక్కడ. ఆ సంగతి తనకు తెలియనిదా? ఇద్దరం చెరో ఊళ్ళో ఎన్నాళ్ళు ఉండగలమో...

శ్రీకాంత్ నవ్వాడు.

"నాటకంల ఆమె ఆఖరికి ఎక్కింది గదా."

"ఆమెకు మెడదాక నీళ్ళొచ్చినయ్, ఎక్కింది. నాకింకా కాళ్ళు గూడ తడవలే," అన్నాను.