దిండు గలీబు పీలిక

భద్రతా అధికారి గారికి,

బడికి పోకుండానే చదవడం నేర్చుకున్నానని, మా లాండ్రీలో ప్రమాదాలు రాసే ఫారం ఈసారి నాకిచ్చారు. ఏ యంత్రం ఎంత ప్రమాదమో సున్నా నుంచి అయిదు దాకా అంకె వెయ్యాలి అందులో. దుప్పట్లు ఇస్త్రీ చేసే వేడి రోలరు ముందు, చేతులు లోపలికి పోకుండా ఒక కమ్మీ ఉంటుంది. అది అడ్డొచ్చి పని నెమ్మదిస్తుందని, దాన్ని పైకెత్తి దిండు గలీబు పీలికతో కట్టేశారు. ఆ పీలిక కూడా యంత్రంతోపాటే వచ్చిందనుకుంటారు అందరూ.

"ఇన్నేళ్లలో ఎవరికైనా ఏమన్నా అయిందా? సున్నా వెయ్యవయ్యా పండితుడా," అన్నాడు సూపర్‌వైజరు.

అక్కడ నిలబడేది మా పిన్ని. మధ్యాహ్నం ఆవిరిలో గోడలు కరిగిపోతాయి, దుప్పట్లు మబ్బుల్లా కదులుతాయి. పిన్ని కళ్లు మూతపడతాయి. చేతులు మాత్రం మబ్బు వెంట ఈదుకుంటూ వెళ్లి, రోలరుకు జానెడు దూరంలో మేలుకుంటాయి. నిన్న బెత్తెడు దూరంలో మేలుకున్నాయి. ఫారంలో అయిదుకి అయిదు వేసి, పీలిక కోసేశాను.

"నా పని చెడగొట్టావు కదరా," అని పిన్నే తిట్టింది. వాళ్లు మళ్లీ కడతారు, నేను మళ్లీ కోస్తాను. నా ఉద్యోగం పోయేలోపే రండి.

పీలిక ఈ కవరులో ఉంది. ఆ ముడి పిన్ని వేసిందే. చిన్నప్పుడు నా లాగుకు ఇలాగే వేసేది. ఆమెను ఏమీ అనకండి. ఆ పది వేళ్లూ నాకు కావాలి.

ఫారం నింపినవాడు