రిబ్బన్‌కు కట్టిన ముడుపు

ఎల్లారెడ్డి, కామారెడ్డి జిల్లా, ఆదివారం రాత్రి

దుబాయ్‌లో పుట్టి పెరిగిన రియా, మా చిన్నాయన కూతురు, వచ్చే నెల జిమ్నాస్టిక్స్ పోటీలో మన దేశం తరఫున ఆడుతుందట. అక్కడి జట్టులో చోటు దొరకకే మనం గుర్తొచ్చామని నా అనుమానం. నిన్న వచ్చినప్పటి నుంచి అవ్వతో ఫోటోలే. "అవ్వా, గిట్ల నా దిక్కు చూడు" అని మన యాసలో అంటుంటే, ఇంటర్వ్యూల కోసం నేర్చుకుందేమో అనిపించింది.

మధ్యాహ్నం రియా నిద్రపోతుండగా, పోటీలో ఆమె గాల్లో తిప్పుతూ ఆడే పొడుగాటి రిబ్బన్ కొసకు అవ్వ పసుపు రాసి, రూపాయి బిళ్ల పెట్టి ముడుపు కట్టేసింది. లేచి చూసి రియా బిగుసుకుపోయింది. రిబ్బన్‌లో ముడి ఉంటే మార్కులు పోతాయని పొద్దున్నే నాకు చెప్పింది.

"గెలిచినంక నువ్వే విప్పాలె బిడ్డా. నడుమల విప్పితే దేవుడు ఊకోడు" అంది అవ్వ.

"విప్పనవ్వా."

కారెక్కగానే విప్పేస్తుందనుకున్నాను. దించడానికి వెళ్తే, కామారెడ్డి స్టేషన్‌లో ఆ రిబ్బన్ నా చేతిలో పెట్టింది.

"ఆడేతందుకు ఇంకోటున్నది అక్కా. ఇది దాచు. గెలిస్తే వచ్చి విప్పుత."

"ఓడితే?"

"ఓడినా వస్త. అప్పుడు అవ్వకు నువ్వే చెప్పాలె."

పనికిరానిదాన్ని తెలివిగా వదిలించుకుందనుకుంటూ ఇంటికొచ్చాను. ఇప్పుడే పుస్తకాల వెనక దాచబోతూ ముడి తడిమాను. అవ్వ కట్టింది ఒక్క ముడే, నేను పక్కనే ఉన్నాను. దాని మీద ఇంకో ముడి ఉంది, ఊడకుండా గట్టిగా బిగించి.

ఎవరూ చూడనప్పుడు రియా ఎందుకు వేసినట్టు...