టవల్ కింద వేళ్ళు

మంగళవారం, రాత్రి

పక్షవాతం వచ్చాక ఆయన మాట ముద్దగా అయిపోయింది. పొద్దుటి నుంచి ఏదో ఒకటే అడుగుతున్నాడు. నీళ్ళు, మాత్ర, దిండు అన్నీ చూపించాను. కాదని తల ఊపాడు. మాటలు గుర్తుపట్టే యాప్ తెరిచి మనవరాలు ఫోన్ ఆయన నోటి దగ్గర పెట్టింది. "వాతావరణం పొడిగా ఉంటుంది" అని రాసిందది. కర్నూలులో ఆ సంగతి చెప్పడానికి యంత్రం కావాలా?

"తాత మాట దానికి కొత్త అవ్వా. శానా వింటే నేర్చుకుంటాది."

"ఇన్నేండ్లు విన్న నాకే అర్థం కాలేదు గదే!"

అప్పుడాయన తన టవల్ నా చేతి మీద కప్పాడు. బనగానపల్లె మామిడి బేరాల్లో దళారులు అలాగే, టవల్ కింద వేళ్ళు నొక్కి ధర చెప్పుకునేవాళ్ళు. బతుకంతా ఆయన చేసిన పని అదే. నా మధ్యవేలు గట్టిగా నొక్కి, నా ముఖంలోకి చూశాడు. ఆ గుర్తులు ఆడవాళ్ళకెవరూ నేర్పలేదు. తెలిసిన దళారులు ఎవరూ మిగల్లేదు. తెలిసినా ఏం లాభం? ఆ భాషలో ఉన్నవన్నీ ధరలే. నొప్పికీ భయానికీ అందులో వేలు లేదు.

బేరం కుదిరితే చెయ్యి వదిలేస్తారని మాత్రం తెలుసు.

"సరేలే, నీ ధరకే ఒప్పుకుంటాండా" అన్నాను.

వదల్లేదు. మళ్ళీ అదే వేలు నొక్కాడు.

నిద్రపట్టినా పట్టు సడలలేదు. ఇదంతా ఎడమచేత్తో రాస్తున్నాను.